కాలచక్రం (రాబర్ట్ జోర్డన్ కాల్పనిక జగత్తు)

కాలచక్రం అమెరికన్ రచయిత రాబర్ట్ జోర్డన్ సృష్టించిన కాల్పనిక ప్రపంచంలో కాలాన్ని నడిపే విశ్వనిర్మాణం. 1990 నుంచి 2013 వరకు వెలువడిన ‘ద వీల్ ఆఫ్ టైమ్’ నవలామాలకు ఆ పేరు ఈ చక్రం వల్లనే వచ్చింది. ఏడు ఆకులున్న ఈ చక్రం ఆకుకొక యుగం చొప్పున తిరుగుతూ, మనుషుల జీవితాలనే పోగులుగా తీసుకుని లోకాన్ని నేస్తుంది; ఏడు యుగాలూ గడిచాక మొదటి యుగం మళ్లీ వస్తుంది. కథలోని పాత్రలెవరూ ఈ చక్రాన్ని కంటితో చూడరు, దానికి గుడి గాని పూజారి గాని లేరు. అయినా సామెతల్లో, ఒట్లలో, ఓదార్పు మాటల్లో అది అడుగడుగునా వినిపిస్తుంది. గడియారం కాలాన్ని కొలిచి ఊరుకుంటుంది. ఈ చక్రం కాలాన్ని పుట్టిస్తుంది, నడుపుతుంది, దారి తప్పినప్పుడు సరిదిద్దుతుంది. కాల్పనిక సాహిత్యంలో దీనికి ప్రత్యేక స్థానం దక్కడానికి ఈ మూడో లక్షణమే ప్రధాన కారణం.

రచయిత, రచనా చరిత్ర

రాబర్ట్ జోర్డన్ అసలు పేరు జేమ్స్ ఆలివర్ రిగ్నీ జూనియర్. 1948లో దక్షిణ కరోలినా రాష్ట్రంలోని చార్ల్‌స్టన్‌లో పుట్టి, వియత్నాం యుద్ధంలో అమెరికా సైన్యంలో పనిచేసి, తిరిగి వచ్చాక సిటడెల్ సైనిక కళాశాలలో భౌతికశాస్త్రం చదివి, నౌకాదళానికి అణు ఇంజనీరుగా కొంతకాలం పనిచేసిన తరువాత అతడు రచనను వృత్తిగా స్వీకరించాడు. ఈ నవలామాలలో తొలి నవల ‘ది ఐ ఆఫ్ ద వరల్డ్’ 1990లో టార్ బుక్స్ ప్రచురణగా వచ్చింది. గుండె కండరంలో అసహజ ప్రొటీన్ పేరుకునే అమిలాయిడోసిస్ వ్యాధితో జోర్డన్ 2007లో మరణించే నాటికి పదకొండు సంపుటాలు, ‘న్యూ స్ప్రింగ్’ అనే పూర్వకథా నవల వెలువడ్డాయి. జోర్డన్ భార్య, ఈ నవలలకు మొదటినుంచీ సంపాదకురాలు అయిన హారియట్ మెక్‌డూగల్, మిగిలిన కథను పూర్తిచేసే పనిని బ్రాండన్ శాండర్సన్‌కు అప్పగించింది. జోర్డన్ వదిలివెళ్లిన రాతప్రతులు, సూచనల ఆధారంగా శాండర్సన్ 2009, 2010, 2013 సంవత్సరాల్లో చివరి మూడు సంపుటాలను వెలువరించాడు. చిట్టచివరి ఘట్టం మాత్రం జోర్డన్ బతికుండగానే రాసి ఉంచినది.

భౌతికశాస్త్ర విద్యార్థి కల్పించిన విశ్వం కనుక ఇందులో అద్భుతాలకు కూడా నియమాలు ఉంటాయి. ఒకచోట చెప్పిన నియమం తరువాతి సంపుటాల్లో ఎక్కడో ఒకచోట తన ఫలితాన్ని చూపక మానదు. కాలచక్రాన్ని అర్థం చేసుకోవడానికి ఈ క్రమశిక్షణను గుర్తుంచుకోవడం అవసరం.

నిర్మాణం

సృష్టికర్త కాలారంభంలో చక్రాన్ని నిర్మించి, ఆ తరువాత దాని పనిలో జోక్యం చేసుకోలేదని ఈ ప్రపంచపు విశ్వోత్పత్తి కథనం. చక్రాన్ని తిప్పే బలానికి ‘సత్యమూలం’ అని పేరు పెట్టవచ్చు. ఇందులో రెండు భాగాలున్నాయి. పురుషులకు మాత్రమే అందేది సాయిదీన్, స్త్రీలకు మాత్రమే అందేది సాయిదార్. ఈ రెండూ ఒకదానితో ఒకటి కలిసి, ఒకదానినొకటి ఎదిరిస్తూ పనిచేయడం వల్లనే చక్రం తిరుగుతుంది. సత్యమూలం నుంచి మనిషి తీసుకుని వాడగలిగిన బలాన్ని ‘ఏకశక్తి’ అంటారు. దాన్ని ప్రయోగించే విద్య నేర్చినవారు ఐజ్ సెడాయ్‌లు. ఏకశక్తి ఎంత వాడినా తరగదు, ఎందుకంటే చక్రాన్ని తిప్పిన బలం తిరిగి మూలంలోనే చేరుతుంది.

చక్రానికి ఉన్న ఏడు ఆకులు ఏడు యుగాలు. ఒక్కో యుగం ఎన్నేళ్లు ఉంటుందన్న లెక్క నవలల్లో ఎక్కడా లేదు, అన్నింటికీ పేర్లు కూడా లేవు. కథ జరిగేది మూడో యుగం చివర్లో. దానికి ముందుది రెండో యుగం, దాన్ని ‘పురాణ యుగం’గా తలచుకుంటారు. ఏకశక్తితో నడిచే యంత్రాలు, యుద్ధమే ఎరుగని సమాజం ఆ యుగపు లక్షణాలు.

చక్రం నేసే వస్త్రాన్ని ఇక్కడ ‘మహానేత’ అందాం. ఒక యుగం పరిధిలో ఏర్పడే నేత ఆ యుగానికి ప్రత్యేకం. అన్ని యుగాల నేతలూ కలిస్తే మహానేత. చక్రం ఒక చుట్టు పూర్తిచేసి అదే యుగానికి వచ్చినప్పుడు నేత స్థూలంగా పాతదాన్నే పోలి ఉంటుంది గాని, వివరాల్లో తేడా వస్తుంది. దూరం నుంచి చూస్తే ఒకే చీర, దగ్గరికి వెళ్తే పోగుపోగూ వేరు. మనుషులు మళ్లీ పుడతారు, కాని అదే పేరుతో, అదే బతుకుతో కాదు.

చక్రానికి ప్రతీకగా నవలల్లో రెండు చిహ్నాలు కనిపిస్తాయి. ఒకటి ఆకులున్న చక్రం. రెండోది తన తోకను తానే మింగుతున్న మహాసర్పం. ఈ సర్పం రూపంలో చేసిన ఉంగరాన్ని ఐజ్ సెడాయ్ స్త్రీలు ధరిస్తారు. కాలానికి ఆద్యంతాలు లేవన్న భావాన్నే రెండూ చెబుతాయి. ప్రతి సంపుటం మొదటి అధ్యాయం ఆరంభవాక్యాలు దాదాపు ఒకటే కావడం కూడా ఈ భావానికి అనుగుణమే: ఒకచోట గాలి లేస్తుంది, ఆ చోటు పేరు మాత్రం పుస్తకం పుస్తకానికీ మారుతుంది.

పనితీరు: పోగులు, తావెరెన్‌లు, వీరులు

మామూలు మనిషి జీవితం మహానేతలో ఒక పోగు. చుట్టూ ఉన్న పోగులు ఎటు లాగితే అటు వంగుతూ, తనకున్న కొద్దిపాటి జాగాలో తన ఇష్టప్రకారం కదులుతుంది. నేత దారి తప్పుతున్నప్పుడు చక్రం కొన్ని పోగులను ప్రత్యేకంగా నేస్తుంది. అటువంటి పోగు చుట్టూ మిగిలిన పోగులన్నీ వంగి అల్లుకుంటాయి. ఆ పోగు ఎవరి జీవితమో వారిని ‘తావెరెన్’ అంటారు. కథానాయకుడు రాండ్ అల్‌థార్, అతని బాల్యమిత్రులు మాట్ కాథన్, పెరిన్ ఐబారా ఒకే పల్లె నుంచి ఒకేసారి వచ్చిన ముగ్గురు తావెరెన్‌లు. లోకం ఎంతటి ప్రమాదంలో ఉందో ఈ ముగ్గురి పుట్టుకే సూచిస్తుందని జ్ఞానుల అభిప్రాయం.

తావెరెన్ ఉన్న చోట సంభావ్యత వంగిపోతుంది. అతడు ఊళ్లోకి అడుగుపెట్టిన పూటే అనుకోని పెళ్లిళ్లు కుదురుతాయి, ఎత్తునుంచి పడ్డవాడు దెబ్బ తగలకుండా లేస్తాడు, మరొకడు చదునైన నేల మీద తూలి మెడ విరిగి చస్తాడు. తలవంచనని వచ్చిన పాలకులు తమకే అర్థం కాకుండా తలవంచుతారు. కాకతాళీయ సంఘటనలను కథలో వాడుకోవడం నవలాకారులందరికీ అవసరమే. జోర్డన్ ఆ అవసరాన్నే విశ్వనియమంగా మార్చి, కాకతాళీయానికి కారణాన్ని కాల్పనిక జగత్తులోపలే చూపించాడు. కథానిర్మాణపరంగా ఇది కాలచక్ర భావనలోని అత్యంత చతురమైన అంశమని చెప్పవచ్చు. తావెరెన్‌కు ఇది వరం కాదన్న సంగతి కూడా గమనార్హం. ఇతరులను వంచే పోగుకు తాను వంగే స్వేచ్ఛ అందరికంటే తక్కువ. పారిపోదామని మాట్ ఎన్నిసార్లు గుర్రమెక్కినా దారి మళ్లీ యుద్ధం దగ్గరికే చేరుతుంది.

రెండో దిద్దుబాటు సాధనం చక్రానికి కట్టుబడిన వీరులు. యుగయుగాన అవసరమైనప్పుడు మళ్లీమళ్లీ పుట్టే ఈ ఆత్మలు, జన్మకూ జన్మకూ నడుమ టెల్‌ఐరాన్‌రియాద్ అనే స్వప్నలోకంలో వేచి ఉంటాయి. వలేర్ కొమ్ము అనే ప్రాచీన బూరను ఊదినప్పుడు వారు పుట్టకుండానే యుద్ధభూమికి రాగలరు. చక్రవర్తి ఆర్టర్ హాక్‌వింగ్, విలుకత్తె బర్గీట వీరిలో ఉన్నారు. బర్గీటను ఒక శత్రువు స్వప్నలోకం నుంచి బలవంతంగా వెళ్లగొట్టడంతో ఆమె పుట్టుక లేకుండా, పూర్తి వయసుతో మెలకువ లోకంలో పడుతుంది. చక్రం నియమాన్ని తప్పించి వచ్చినందువల్ల ఆమెకు పూర్వజన్మల జ్ఞాపకాలు క్రమంగా చెరిగిపోవడం ఐదో సంపుటం నుంచి మొదలయ్యే ఉపకథ.

చీకటి ప్రభువు, చక్రానికి కలిగే హాని

చీకటి ప్రభువు మహానేతకు వెలుపలివాడు. సృష్టికర్త అతన్ని సృష్టి క్షణంలోనే బంధించాడు. చక్రాన్ని విరిచి, కాలాన్ని తన ఇష్టప్రకారం తిరిగి కట్టడం అతని లక్ష్యం. పురాణ యుగంలో స్త్రీ పురుషులిద్దరూ కలిసి వాడగల కొత్త బలం కోసం వెతికిన పరిశోధకులు, నేత పలుచబడిన ఒకచోట రంధ్రం చేశారు. ఆ రంధ్రానికి అవతల ఉన్నది చీకటి ప్రభువు చెర. దాని ఫలితంగా యుద్ధమంటే తెలియని సమాజంలో దురాశ, హింస తలెత్తి చివరికి మహాయుద్ధంగా మారాయి. లూస్ థెరిన్ టెలమాన్ అనే నాయకుడు పురుష శక్తిధారులతో మాత్రమే వెళ్లి, క్వేందియార్ అనే పగలని పదార్థంతో చేసిన ఏడు ముద్రలతో ఆ రంధ్రాన్ని మూశాడు. చివరి క్షణంలో చీకటి ప్రభువు చేసిన ఎదురుదెబ్బకు సాయిదీన్ కలుషితమైంది. దాన్ని వాడిన పురుషులంతా పిచ్చివారై పర్వతాలను, సముద్రాలను తారుమారు చేశారు; ఈ వినాశనమే ‘లోకభంగం’. మూడో యుగం ఆ శిథిలాల మీద మొదలైంది.

ఇక్కడ ప్రమాదం చీకటి ప్రభువు నుంచి మాత్రమే రాదు. ఏకశక్తితో చేసే ‘బేల్‌ఫైర్’ అనే తెల్లని అగ్నిధార మనిషిని చంపడమే కాక, అతని పోగును గతంలోకి కూడా కాలుస్తుంది. ధార ఎంత బలమైనదైతే అంత వెనక్కి. కాలిన మేరకు అతడు చేసిన పనులు చేయనట్టే అవుతాయి, కాని చూసినవారి జ్ఞాపకాలు మాత్రం మిగులుతాయి. ‘ద ఫైర్స్ ఆఫ్ హెవెన్’ (1993) ముగింపులో రాండ్ రాహ్విన్ అనే శత్రువును ఇలా కాల్చినందువల్ల, కొంతసేపటి క్రితం అతని చేతిలో చనిపోయిన మాట్, రాండ్ సహచరి అవియెంధా తిరిగి బతుకుతారు. మృతుల ఆత్మలను వేరే దేహాల్లో నిలపగల చీకటి ప్రభువుకు సైతం బేల్‌ఫైర్‌తో పోయినవారు చిక్కరు. పురాణ యుగపు యుద్ధంలో రెండు పక్షాలూ దీన్ని నగరాల మీద ప్రయోగించి, లక్షల పోగులు కాలి నేత చీలిపోతుండడం చూసి, మాట అనుకోకుండానే రెండూ ప్రయోగాన్ని మానుకున్నాయి. శత్రువులు కూడా తాము నిలబడ్డ నేలను కాపాడుకున్న ఈ వివరం, అణ్వాయుధాలతో పనిచేసే నౌకాదళంలో ఇంజనీరుగా ఉన్న రచయిత నుంచి రావడం యాదృచ్ఛికంగా తోచదు.

చివరి సంపుటాల్లో ముద్రలు బలహీనపడేకొద్దీ నేత వదులవుతుంది. చనిపోయినవారు నీడల్లా కనిపిస్తారు, కోటల్లో గదులు చోటు మారతాయి, దాచిన ధాన్యం ఒక్క రాత్రిలో కుళ్లుతుంది. అంతిమయుద్ధంలో షాయోల్ ఘూల్ పర్వతం లోపల, రంధ్రానికి దగ్గరయ్యేకొద్దీ కాలం నెమ్మదిస్తుంది. బయట రోజులు గడిచేలోపు లోపల కొద్దిసేపే గడుస్తుంది. ఐజ్ సెడాయ్‌ల నాయకురాలు ఎగ్వీన్ అల్‌వేర్ ఆ యుద్ధంలోనే బేల్‌ఫైర్‌కు విరుగుడైన నేతను కనుగొని, పగుళ్లను పూడుస్తూ ప్రాణం విడుస్తుంది.

ప్రతిబింబ లోకాలు

మహానేతకు పక్కన, జరిగి ఉండగలిగిన సంఘటనలతో ఏర్పడిన లోకాలు అనేకం ఉన్నాయి. ప్రాచీన శిలాస్తంభాల ద్వారా వాటిలోకి వెళ్లవచ్చు. ‘ద గ్రేట్ హంట్’ (1990)లో రాండ్ బృందం అటువంటి స్తంభంతో దగ్గరిదారి వెతకబోయి, ఒక్క క్షణంలో ఎన్నో ప్రత్యామ్నాయ జీవితాలను అనుభవించి, కళ్లు తెరిచేసరికి మెలకువ లోకంలో నాలుగు నెలలు గడిచిపోయి ఉంటాయి.

కాలగణన

చక్రం యుగాలను నడిపినా, దైనందిన కాలాన్ని కొలిచేది మనుషులే. వారానికి 10 రోజులు, నెలకు 28 రోజులు, ఏడాదికి 13 నెలలు. కొన్ని పండుగ రోజులు ఏ నెలలోనూ చేరవు. శకాల విషయంలో మూడు పంచాంగాలు వరుసగా వాడుకలోకి వచ్చాయి. మొదటి తోమన్ పంచాంగం లోకభంగం తరువాతి ఏళ్లను లెక్కించింది. ట్రాలక్ యుద్ధాల్లో గ్రంథాలు నాశనమై ఏది ఏ ఏడో వాదం పుట్టడంతో గజారన్ పంచాంగం వచ్చింది. నూరేళ్ల యుద్ధం దాన్ని కూడా చెడగొట్టగా ఫరీడ్ పంచాంగం కొత్త శకాన్ని ఆరంభించింది. కథ ఈ కొత్త శకం 998లో మొదలవుతుంది. చక్రం ఏదీ మరచిపోదు, మనుషులు మాత్రం ప్రతి విపత్తుకూ తేదీలనే పోగొట్టుకుంటారన్న వైరుధ్యాన్ని ఈ మూడు పంచాంగాలు నిశ్శబ్దంగా చెబుతాయి.

యుగాల మరుపు, మొదటి యుగం

యుగం గడిచేకొద్దీ జరిగినది జ్ఞాపకంగా, జ్ఞాపకం గాథగా, గాథ పుక్కిటి పురాణంగా మారి, ఆ యుగం మళ్లీ వచ్చేసరికి పుక్కిటి పురాణం కూడా మిగలదు. మొదటి యుగం పాఠకులు బతుకుతున్న వర్తమానమేనని తెలిపే జాడలు నవలల్లో చెదురుమదురుగా ఉన్నాయి. మొదటి సంపుటంలో థామ్ మెరిలిన్ అనే కథకుడు చెప్పగల పాత కథల్లో లెన్ అనేవాడు అగ్నిగరుడపక్షి కడుపులో కూర్చుని చంద్రుడి దగ్గరికి వెళ్తాడు. లోకాన్ని చుట్టివచ్చే అగ్నిబల్లెం గల మాస్క్ అనే రాక్షసుడు ఎల్స్‌బెట్ మహారాణితో యుద్ధం చేస్తాడు. మటెరీస్ అనే వైద్యురాలు ‘ఇండ్’ అనే అద్భుత దేశానికి తల్లి. అంతరిక్షయాత్రికులు, మాస్కో క్షిపణులు, ఎలిజబెత్ రాణి, మదర్ థెరిసా వేల ఏళ్ల నోళ్లలో పడి ఎలా అరిగిపోయారో ఇవి చూపుతాయి. నాలుగో సంపుటంలో ఒక రాజభవన ప్రదర్శనశాలలో గుండ్రని వలయంలో మూడు మొనల నక్షత్రం ఉన్న వస్తువు కనిపిస్తుంది. అదేమిటో చూసినవారికి తెలియదు, కార్లను ఎరిగిన పాఠకులు వెంటనే గుర్తుపడతారు.

నియతి, స్వేచ్ఛ

చక్రం అనంతంగా తిరుగుతుంటే మనిషి ఎంపికకు విలువ ఉందా అన్న ప్రశ్నను ఈ నవలలు రెండు వైపుల నుంచి పరీక్షిస్తాయి. పురాణ యుగపు తత్త్వవేత్త ఎలాన్ మోరిన్ టెడ్రనాయ్ చేసిన తర్కం ఒక వైపు. పోరాటం అనంతసార్లు జరిగేటప్పుడు చీకటి ప్రభువు ఒక్కసారి గెలిస్తే చాలు, చక్రం శాశ్వతంగా ఆగుతుంది. కనుక ఓటమి ఎప్పటికైనా తప్పదు. ఈ నిర్ణయానికి వచ్చి అతడు శత్రుపక్షంలో చేరి, ఇషామయేల్ అన్న పేరు పొందాడు. అతనికి కావలసినది రాజ్యం కాదు, ఉనికి ముగియడం. దుష్టపాత్రకు ఇంత తర్కబద్ధమైన కారణం ఇచ్చిన కాల్పనిక కథలు అరుదు.

రెండో వైపు వాదన చివరి సంపుటంలో వస్తుంది. చీకటి ప్రభువును పూర్తిగా చంపే అవకాశం చిక్కినప్పుడు, చెడు లేని లోకం ఎలా ఉంటుందో రాండ్ చూస్తాడు. అక్కడ మనుషులు సంతోషంగా ఉంటారు గాని వారికి ఎంచుకునే శక్తి ఉండదు. అది చీకటి ప్రభువు చూపిన లోకానికి భిన్నమైనదేమీ కాదని గ్రహించి, అతన్ని చంపకుండా తిరిగి బంధిస్తాడు. చక్రం తిరగడానికి మంచిచెడుల సమాన బలం కాక, వాటి నడుమ ఎంపిక అవసరమని ఈ ఘట్టం స్థాపిస్తుంది. పోగు ఎక్కడ పడాలో చక్రం నిర్ణయిస్తుంది, ఎలా పడాలో మనిషి నిర్ణయిస్తాడు.

భారతీయ కాలభావనతో పోలిక

చక్రభావనను హిందూ పురాణాల కాలదృష్టి నుంచి తీసుకున్నట్టు జోర్డన్ చెప్పాడు. పునర్జన్మ, యుగాల ఆవృత్తి రెంటికీ సామాన్యం. భేదాలు అంతకంటే ముఖ్యమైనవి. పురాణాల్లో కృత, త్రేతా, ద్వాపర, కలియుగాలు నాలుగు. వాటి మొత్తం పరిమాణం 43,20,000 ఏళ్లుగా స్థిరం. యుగం మారేకొద్దీ ధర్మం క్షీణిస్తుంది. జోర్డన్ ఏడు యుగాలకు పరిమాణం లేదు, క్రమక్షయమూ లేదు. పురాణ కాలానికి కల్పాంతంలో ప్రళయం ఉంది, జీవుడికి సంసారచక్రం నుంచి మోక్షం ఉంది. జోర్డన్ ప్రపంచంలో చక్రం నుంచి బయటపడాలని కోరుకునేవాడు ఇషామయేల్ వంటి శత్రువు మాత్రమే. ముముక్షువు స్థానంలో ప్రతినాయకుణ్ని నిలిపిన ఈ తారుమారును గమనించకుండా రెండు భావనలూ ఒకటేననడం పొరపాటు.

విష్ణుపురాణం సూర్యరథచక్రాన్ని మూడు నాభులు, ఐదు ఆకులు, ఆరు నేములు గల కాలచక్రంగా వర్ణిస్తుంది. మహాభారత ఆదిపర్వంలోని ఉదంకుడి కథ ఇంకా సన్నిహితమైనది. గురుపత్ని కోసం తెచ్చిన కుండలాలను తక్షకుడు అపహరించగా ఉదంకుడు నాగలోకానికి వెళ్లి, తెల్లని, నల్లని దారాలతో వస్త్రం నేస్తున్న ఇద్దరు స్త్రీలను, పన్నెండు ఆకుల చక్రాన్ని తిప్పుతున్న ఆరుగురు కుమారులను చూస్తాడు. దారాలు పగలూ రాత్రీ, చక్రం సంవత్సరం, కుమారులు ఋతువులు అని గురువు తరువాత వివరిస్తాడు. నన్నయ తెలుగు చేసిన భాగంలోనే ఉన్నందున ఈ ఉపాఖ్యానం తెలుగు పాఠకులకు చిరపరిచితం. చక్రమూ నేతా ఒకేచోట కాలానికి ప్రతీకలు కావడం ఇక్కడ విశేషం. దీన్ని సాదృశ్యంగానే గ్రహించాలి తప్ప ప్రభావంగా కాదు, ఎందుకంటే విధిని నేతగా, వడికిన దారంగా ఊహించడం గ్రీకు విధిదేవతల కథల్లో కూడా ఉంది.

బౌద్ధంలోని కాలచక్ర తంత్రం పేరులో ఇంగ్లీషు నవలామాలతో సరిగ్గా కలుస్తుంది గాని, అది గ్రహగతులను, దేహంలోని ప్రాణగతులను అనుసంధానించే సాధనామార్గం. బుద్ధుడు దాన్ని ధాన్యకటకంలో, అంటే నేటి అమరావతి ప్రాంతంలో బోధించాడని టిబెటన్ సంప్రదాయం చెబుతుంది. దలైలామా 2006లో కాలచక్ర దీక్షను అక్కడే నిర్వహించడానికి ఆ విశ్వాసమే నేపథ్యం.

సంబంధిత కాల్పనిక నిర్మాణాలు

జె.ఆర్.ఆర్. టోల్కీన్ జగత్తులో సూర్యచంద్రులు పుట్టకముందు టెల్పెరియన్, లారెలిన్ అనే రెండు వృక్షాలు వంతులవారీగా వెలుగు పెంచుతూ తగ్గిస్తూ కాలాన్ని విభజించాయి. అవి నశించాక కాలం వేగం పెరిగి లోకం ముసలితనం వైపు సాగుతుంది. పోయినది తిరిగి రాదు. టెర్రీ ప్రాచెట్ ‘థీఫ్ ఆఫ్ టైమ్’ (2001)లో సన్యాసులు పెద్ద పెద్ద తిరిగే స్తంభాలతో, కాలం ఎక్కువైన చోట చుట్టి, తక్కువైన చోట విప్పుతారు. టోల్కీన్‌ది తరిగిపోయే కాలం, ప్రాచెట్‌ది సరుకులా నిల్వచేసి పంచగల కాలం. జోర్డన్ కాలం తరగదు, నిల్వ ఉండదు, తనను తాను సరిదిద్దుకుంటూ తిరుగుతుంది.

దృశ్యరూపం, ఆదరణ

మొత్తం నవలామాల 2014లో ఉత్తమ నవలకు ఇచ్చే హ్యూగో పురస్కారానికి ఒకే రచనగా నామినేట్ అయింది. అమెజాన్ ప్రైమ్ వీడియో 2021 నవంబరులో ధారావాహికను ఆరంభించి, మూడు సీజన్ల తరువాత 2025లో నిలిపివేసింది. అందువల్ల రంధ్రం పూడ్చడం, అంతిమయుద్ధం వంటి కాలచక్రపు కీలక ఘట్టాలు తెరమీదికి రాలేదు. వాటికి నవలలే ఆధారం.